సాంఘికచరిత్రమునకుఁ గావ్యము సాక్షి యగునా?

చరిత్రము రెండు తెఱఁగులు. రాజుల వంశములు, యుద్ధములు, సంధులు, రాజ్యముల పొలిమేరలు చెప్పునది యొకటి. జనులు తిన్న యన్నము, కట్టిన బట్ట, ఆడిన యాట, కొలిచిన వేలుపు, చెల్లించిన పన్ను చెప్పునది రెండవది. మొదటిదానికి శాసనములు, నాణెములు, విదేశీయుల వ్రాఁతలు సాధనములుగా నున్నవి. రెండవదానికి నట్టి సిద్ధసామగ్రి లేదు. రాజు భూమి దానము చేసినపుడు ఱాతిపైఁ జెక్కించెను గాని, ఆ భూమిని దున్నిన కాఁపు తన యింట నేమి తినెనో యెవ్వఁడును జెక్కింపలేదు. కావున రెండవ తెఱఁగు చరిత్రము వ్రాయఁబూనినవాఁడు కావ్యముల నాశ్రయింపక తప్పదు. ఆశ్రయించినంతనే యొక ప్రశ్న పుట్టుచున్నది. కవి చెప్పిన మాటను సాక్షి చెప్పిన మాటగాఁ గొనవచ్చునా?

ఈ ప్రశ్నను దెలుఁగున విచారించుటకు సురవరము ప్రతాపరెడ్డిగారి 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర'కంటెఁ దగిన గ్రంథము వేఱొకటి లేదు. ప్రతాపరెడ్డిగారు 1926లో గోలకొండపత్రికను స్థాపించి నడపినవారు. నిజాము రాష్ట్రమునఁ దెలుఁగు కవులు లేరన్న యాక్షేపమునకు 1934లో గోలకొండకవులసంచికను బ్రకటించి, మూఁడువందల యేఁబదికిఁ బైఁబడిన కవులను జూపి బదులు చెప్పినవారు. సాంఘికచరిత్రము 1949లో వెలువడెను. చాళుక్యయుగము మొదలు 1907 వఱకును దెలుఁగువారి జీవనమును యుగవిభాగముతో నిరూపించిన గ్రంథ మది. గ్రంథకర్త 1953లో గతించిరి. 1955లో సాహిత్య అకాడమి తెలుఁగునకుఁ దొలిసారి యిచ్చిన పురస్కార మీ గ్రంథమునకే లభించినది. అప్పటినుండి సాంఘికచరిత్రమును గూర్చి తెలుఁగున వ్రాసినవారిలో దీనిఁ జూడనివారు లేరనవచ్చును. దీనిఁ జూచి, యంతటితో నిలిచిపోయినవారు మాత్రము పెక్కండ్రు. విమర్శింపఁదగినది ఈ నిలిచిపోవుటయే.

గ్రంథముయొక్క గొప్పతనమును ముందుగాఁ జెప్పుట న్యాయము. ప్రతాపరెడ్డిగారు ప్రకరణాంతములందుఁ దాము గొన్న యాధారగ్రంథముల పట్టిక నిచ్చిరి. పరీక్షింపఁగోరు పాఠకునకు ద్వారము తెఱచియుంచుట యిది. పండితులు శృంగారగ్రంథములని, హాస్యగ్రంథములని ప్రక్కకుఁ బెట్టిన శుకసప్తతి, హంసవింశతి మొదలగు కథాకావ్యములలో జనజీవనము రాశిగాఁ బడియున్నదని వారు చూపిరి. నిఘంటుకారులు 'భక్ష్యవిశేషము', 'క్రీడావిశేషము' అని వ్రాసి చేతులు దులుపుకొన్న పదములకుఁ బాలమూరు పల్లెలలోని వాడుకనుబట్టి యర్థము వెదకిరి. 1885లో ముద్రితమైన శబ్దరత్నాకరము కవిప్రయోగములను వివరించుటలో నెంత యుపకారము చేసినను, వస్తువుల విషయమున 'విశేష' మనుటతోనే పెక్కుచోట్ల నిలిచినది. ఒక యాట పేరు కావ్యమునఁ గానవచ్చినపుడు అది యాట యని చెప్పుటకు నిఘంటువు వలదు. ఆ యాట నెట్లాడుదురో చెప్పుటకే నిఘంటువు వలయును. ఈ కొఱఁతను గుర్తించి తీర్పఁబూనుట ప్రతాపరెడ్డిగారి గ్రంథమునకు శాశ్వతమైన కీర్తి.

ఇఁక బ్రామాణ్యవిచారము. పూర్వపక్ష మిట్లుండును. కావ్యము కల్పన. దండి మొదలుగాఁ గల యాలంకారికులు మహాకావ్యమున నగరము, సముద్రము, శైలము, ఋతువులు, చంద్రోదయము మొదలగు వర్ణనము లుండవలయునని విధించిరి. ఈ యష్టాదశవర్ణనలను గవి చూచియే వ్రాయవలయునను నియమము లేదు. సముద్రమును జూడని కవియు సముద్రమును వర్ణించెను. ఏ ప్రబంధమునఁ జూచినను నగరసౌధములు చంద్రుని నంటుచునే యుండును. ఏనుఁగులు మదజలమును గురియుచునే యుండును. నాలుగు వర్ణములవారు స్వధర్మము దప్పకయే యుందురు. ఇట్టి వర్ణనములనుబట్టి యొక పట్టణముయొక్క స్థితిని నిర్ణయించుట యద్దములోని మూటను విప్పఁజూచుట వంటిది. కావునఁ గావ్యము సాక్షి కాదు.

ఈ పూర్వపక్షము బలమైనదే కాని సమగ్రము గాదు. మీమాంసకులు వేదమునందలి యర్థవాదములను విచారించునపుడు సరిగా నిట్టి చిక్కునే యెదుర్కొనిరి. అర్థవాదము విధి గాదు. అట్లని వ్యర్థమును గాదు. వారు దానిని మూఁడుగా విభజించిరి. ప్రమాణాంతరముతో విరోధించునది గుణవాదము. యూపస్తంభమును సూర్యుఁడనుట వంటిది. ప్రమాణాంతరముచే ముందే తెలిసినదానిని మరలఁ జెప్పునది యనువాదము. చలికి నగ్ని మందనుట వంటిది. విరోధమును లేక, ముందుగాఁ దెలియుటయు లేక యున్నది భూతార్థవాదము. ఇంద్రుఁడు వృత్రునిపై వజ్రము నెత్తెననుట వంటిది. ఈ విభాగము సాంఘికచరిత్రకారునకుఁ జక్కఁగా నుపకరించును. కావ్యమునందలి మాట శాసనముతోనో, కాలముతోనో విరోధించెనేని గుణవాదము. దానిని స్తుతిగానో నిందగానో గ్రహింపవలయును. శాసనముతో నేకీభవించెనేని యనువాదము. అది సంతోషము కలిగించును గాని క్రొత్త జ్ఞానము నీయదు. రెండును గానిది భూతార్థవాదము. సాంఘికచరిత్రమునకు నిజమైన లాభ మీ మూఁడవదానివలననే. నిజమైన ప్రమాదమును దీనివలననే.

ఈ ప్రమాదమును దాఁటు నుపాయము వ్యాకరణశాస్త్రమున నున్నది. పాణినీయమున అనద్యతనభూతమున లఙ్లకారమును విధించు సూత్రముపై నొక వార్తికము కలదు. వక్త కన్నుల యెదుటఁ గాకపోయినను, లోకవిజ్ఞాతమై, వక్త చూడఁదలఁచినచోఁ జూడఁగలిగియుండిన విషయమునకు నా లకారము వర్తించునని దాని తాత్పర్యము. దీనికిఁ బతంజలి యిచ్చిన యుదాహరణములు యవనుఁడు సాకేతమును, మధ్యమికను ముట్టడించుటను జెప్పుచున్నవి. ఆ ముట్టడి పతంజలి జీవితకాలములోనిది గాకున్నచో నుదాహరణము సూత్రమునకే తగదు. ఈ యంశమును గోల్డ్‌స్టుకరు 1861లోఁ దన పాణినిగ్రంథమునఁ బ్రయోగించెను. రామకృష్ణ గోపాల భండార్కరు 1872లో ఇండియన్ ఆంటిక్వరీ పత్రికలోఁ బుష్యమిత్రుని యాజనమును జెప్పు వేఱొక భాష్యోదాహరణమును జూపి కాలనిర్ణయమును బలపఱిచెను. వేబరు పండితుఁ డాక్షేపించెను: ఉదాహరణములు గురుపరంపరగా వచ్చునవి, అవి భాష్యకారుని కాలమువే యని చెప్పుట యెట్లు? ఆ యాక్షేపమునకుఁ బ్రత్యుత్తరములు పత్రికలోనే నడచినవి.

ఈ వాదమునుండి రెండు సంగతులు తెలియుచున్నవి. మొదటిది: వక్తయొక్క ప్రయోజనమే యే సంగతి సత్యతపై నాధారపడియున్నదో, ఆ సంగతికిఁ బ్రామాణ్య మధికము. పతంజలికిఁ జరిత్రము చెప్పు నుద్దేశము లేదు; అయినను సూత్రము నిలుచుటకుఁ జరిత్రము సత్యము కావలసివచ్చెను. రెండవది: ఇట్టి సాక్ష్యము పుస్తకమునఁ జెప్పఁబడినంత మాత్రమున సిద్ధము గాదు, ఆక్షేపము, సమాధానము, మరల నాక్షేపము నడచినపుడే సిద్ధమగును. అట్టి వాదమునకుఁ దగిన చోటు పత్రిక.

ఈ వెలుఁగున సాంఘికచరిత్రములోని కాకతీయయుగప్రకరణమును జూడఁదగును. దాని కాధారములైనవానిలోఁ బాల్కురికి సోమనాథుని గ్రంథములు, క్రీడాభిరామము, ఏకామ్రనాథుని ప్రతాపరుద్రచరిత్రము ముఖ్యములు. మూఁడును నొక్క వరుసలో నిలిచినవి. కాని యీ మువ్వురు సాక్షులును నొక్క కాలమువారు గారు. ఒక్క తీరువారును గారు.

క్రీడాభిరామమును దీసికొందము. గోవిందమంచనశర్మ యను బ్రాహ్మణుఁడును, టిట్టిభసెట్టి యను వైశ్యుఁడును నోరుగంటి వీథులలోఁ దిరుగుచు, ఒక పగలును రాత్రియుఁ జూచిన వింతలు దీని వస్తువు. ఏకవీర గుడి, మైలారుభక్తులు, పలనాటి వీరులకథ పాడు వనిత, కోడిపందెములు, పూఁటకూటియిల్లు, మాచలదేవి చిత్రశాల మొదలగునవి కన్నులఁ గట్టినట్లు కానవచ్చును. మానవల్లి రామకృష్ణకవిగారు దీనిని వెలికిఁ దెచ్చిన నాఁటినుండి చరిత్రకారుల కిది నిధి యైనది. అయితే గ్రంథము తానే చెప్పినట్లు, ఇది రావిపాటి త్రిపురాంతకుని సంస్కృతప్రేమాభిరామమున కనుసరణము. ఆ సంస్కృతమూలము లభింపలేదు. తెలుఁగుకర్తగాఁ బేర్కొనఁబడిన వినుకొండ వల్లభరాయఁడు విజయనగరరాజుల కొలువుతో సంబంధముగల కుటుంబమువాఁడు. వేటూరి ప్రభాకరశాస్త్రిగారు దీనిని శ్రీనాథకృతమే యనిరి. కర్త యెవఁడైనను దెలుఁగు గ్రంథము కాకతీయరాజ్యము 1323లోఁ బడిపోయిన తరువాతిదే.

అట్లగుటచే నిందలి ప్రతివర్ణనమునకును రెండు కాలములు సంభవించుచున్నవి. మాచలదేవి ప్రతాపరుద్రుని గోష్ఠిలోఁ బ్రతిష్ఠ గాంచినదనుట మూలముతో వచ్చిన యంశము కావలయును. తరువాతి కవి దానిఁ గల్పింపవలసిన ప్రయోజనము కానరాదు. ఏకవీర గుడి వర్ణనము, ఓరుగంటికి సమీపమున మొగిలిచెర్లలో నా దేవి యాలయ ముండుటచే, ననువాదకోటిలోఁ జేరును. కాని పూఁటకూటియింట నొక రూకకు దొరకిన భోజనము మాట యేమి? కర్పూరభోగి వంటకము, గోధుమపిండివంట మొదలగు పదార్థముల వరుస చెప్పి, వెల రూక యని కవి చెప్పెను. ఇది కాకతీయరాజధానిలోని వెలయా, కవి తన కాలమునఁ దన యూరఁ జెల్లించిన వెలయా? వెలలు మాఱునవి, వేల్పులంత స్థిరములు గావు. అనువాదకర్త మూలములోని వెలను దన కాలపు వెలకు సరిపఱుచుట సహజము, సరిపఱుపకుండుటయు సంభవమే. ఈ సంశయము తీఱనంతవఱకు, 'కాకతీయులనాఁడు రూకకు భోజనము దొరకెను' అని వ్రాయుట సాక్షి చెప్పనిదానిని సాక్షిచేఁ జెప్పించుటయే. 'పదునాలుగవ, పదునేనవ శతాబ్దుల సంధికాలముననో యంతకుముందో పట్టణములలో వెలకుఁ గూడు పెట్టు నిండ్లుండెను. రూక భోజనమునకుఁ జాలు నాణెము' అని వ్రాసినచో దోషము లేదు. మొదటివాక్యము అందముగా నుండును, రెండవది నిలుచును.

పాల్కురికి సోమనాథుని విషయమునను నిట్లే. అతని కాలము ప్రథమప్రతాపరుద్రుని నాఁటిదా, ద్వితీయప్రతాపరుద్రుని నాఁటిదా యను వివాదమునఁ బీఠికలు, పత్రికావ్యాసములు పెక్కు వెలువడినవి. ఆ రెండు కాలములకును నడుమ దాదాపు నూఱేండ్లున్నవి. నూఱేండ్లలో నాణెము మాఱును, పన్ను మాఱును, ఒక మతము రాజాశ్రయమును బొందుటయుఁ గోల్పోవుటయుఁ గూడ సంభవించును. అందుచే బండితారాధ్యచరిత్రమునందలి యాటపాటల వర్ణనము నుపయోగించువాఁడు ముందుగా నా వివాదమున నేదో యొక పక్షము నెన్నుకొని, తా నెన్నుకొన్నట్లు పాఠకునకుఁ జెప్పవలయును. చెప్పక యూరకుండుట నిర్ణయము చేయకపోవుట గాదు, నిర్ణయమును దాఁచుట.

ఏకామ్రనాథుఁడు వేఱొక తీరు సాక్షి. కాకతీయరాజ్యము పడిపోయిన చిరకాలమునకు వచనమున బ్రతాపరుద్రచరిత్రము వ్రాసినవాఁ డతఁడు. ప్రతాపరుద్రుఁడు డిల్లీకిఁ గొనిపోఁబడి, యచ్చట దైవాంశసంభూతుఁడుగా గుర్తింపఁబడి, తిరిగి వచ్చెనని యతని కథ. ప్రోలయనాయకుని విలసతామ్రశాసనమో, ప్రతాపరుద్రుఁడు డిల్లీ చేరకుండఁగనే నర్మదాతీరమున మరణించెనని చెప్పుచున్నది. ఈ శాసనమును నేలటూరి వేంకటరమణయ్య, మల్లంపల్లి సోమశేఖరశర్మ గారలు ఎపిగ్రాఫియా ఇండికా ముప్పదిరెండవ సంపుటమునఁ బ్రకటించిరి. శాసనము సంభవకాలమునకు సమీపము, కథ దూరము. కావునఁ గథ గుణవాదము.

అంతమాత్రమున నేకామ్రనాథుని గ్రంథమును బాఱవేయవలయునా? వలదు. అతఁడు ఓరుగంటిలో నేయే వృత్తులవారి యిండ్లెన్ని యుండెనో లెక్కించి చెప్పెను. ఆ సంఖ్యలు స్తుతి; నమ్మఁదగవు. ఆ వృత్తుల పేరులు మాత్రము స్తుతి కొఱకుఁ బుట్టినవి గావు. ఒక మహానగరమునఁ దన పాఠకు లెవరెవరిని జూడఁగోరుదురో, వారినే యతఁడు పేర్కొనెను. కావున నా పట్టిక ప్రతాపరుద్రుని నాఁటికిఁ గాక, యేకామ్రనాథుని నాఁటికి మంచి సాక్ష్యము. ఒక్క వాక్యమునందే సంఖ్య గుణవాదమును, పేరు భూతార్థవాదమును గావచ్చును. ఈ విభాగమును జేయక, వాక్యమంతయు గ్రహించుటయు, వాక్యమంతయుఁ ద్రోసివేయుటయు రెండును దోషములే. సాంఘికచరిత్రమునఁ గ్రహించుట యెక్కువ. దానిని నిరసించినవారిలోఁ ద్రోసివేయుట యెక్కువ.

శాసనములు మాత్రము నిర్దుష్టములని తలఁపరాదు. ప్రశస్తిభాగము కావ్యమే. గణపతిదేవుఁడు మోటుపల్లి రేవునఁ జెక్కించిన యభయశాసనమునందు వంశస్తుతి యొకవంకను, సముద్రవ్యాపారులకు రక్షణము, చందనము కర్పూరము ముత్తెములు మొదలగు సరకుల సుంకములు మఱియొకవంకను నున్నవి. సుంకముల పట్టికను దప్పుగాఁ జెక్కించినచో రేవునఁ దగవు పుట్టును. వంశస్తుతి నధికము చేసినచో నెవ్వరికిని నష్టము లేదు. పతంజలి యుదాహరణమునకుఁ జెప్పిన న్యాయమే యిక్కడను. మఱియు శాసనములలోఁ గనఁబడు 'అష్టాదశప్రజ' యను మాటను బట్టి పదునెనిమిది కులములను వెదకి లెక్క కుదుర్పఁబోవువారు, సంఖ్య యుపలక్షణము కావచ్చునని మఱచుచున్నారు. పదునెనిమిది వర్ణనలు, పదునెనిమిది పురాణములు, పదునెనిమిది పర్వములు గల వాఙ్మయమున బదునెనిమిది యనఁగా సమగ్ర మని యర్థము వచ్చుట వింత గాదు.

శాసనములకు వేఱొక కొఱఁత కలదు. దానము చేసినవాఁడే శాసనమున నుండును. దానము చేయలేనివాఁడు మూగయై పోవును. అయినను నున్నంతలో నవి చెప్పునది తక్కువ గాదు. పి. వి. పరబ్రహ్మశాస్త్రిగారు 1978లోఁ బ్రకటించిన కాకతీయచరిత్రమునకు శాసనములే ప్రధానసాధనములు. 2001లో వెలువడిన సింథియా టాల్బట్ గ్రంథము కాకతీయకాలపు దాతల పేరులకుఁ జివర నున్న రెడ్డి, నాయక, బోయ, సెట్టి మొదలగు బిరుదములను బరిశీలించి, తండ్రికి నొక బిరుదమును గొడుకునకు వేఱొక బిరుదమును నుండుటయుఁ గలదని చూపినది. ఇది కావ్యములలోని చాతుర్వర్ణ్యవర్ణనముతోఁ బొందదు. కవి వర్ణములను వర్ణించునపుడు ధర్మశాస్త్రమును వర్ణించుచున్నాఁడు. దాత తన పేరు చెక్కించునపుడు లోకమునఁ దనకుఁ గల స్థానమును జెప్పుకొనుచున్నాఁడు. సంఘచరిత్రమున కిందు రెండవదియే బలవత్తరము. అట్లే దాత కానివాని జీవనమును దెలిసికొనుటకు శాసనముకంటె హంసవింశతియే బలవత్తరము. ఏ సాక్షియు నన్ని విషయములకు సాక్షి గాఁడు.

ప్రతాపరెడ్డిగారు పల్లెవాడుకతోఁ బ్రాచీనపదముల కర్థము చెప్పిన పద్ధతికిని నొక హద్దు కలదు. పదము నిలిచి వస్తువు మాఱుట లోకమునఁ దఱచు. నేఁటి యాటకు నాఁటి యాట పేరే యున్నను, ఆడు విధ మొకటే యని సిద్ధింపదు. నేఁటి వాడుక యర్థమును సూచించును. నిర్ణయించుటకుఁ బ్రాచీనప్రయోగములు రెండు మూఁడైనను గూడవలయును. సూర్యరాయాంధ్రనిఘంటువు 1936 మొదలు సంపుటములుగా వెలువడి ప్రయోగములను గుమ్మరించినందున, ఈ పని ప్రతాపరెడ్డిగారి కాలముకంటెఁ దరువాత సులభమైనది. ఆ సౌకర్యము వారికిఁ గొంతయే లభించెనని మఱవక, వారి యర్థములను బరీక్షించుట తరువాతివారి విధి.

ఇంతకును బ్రధానమైన దోషము గ్రంథకర్తది గాదు, గ్రంథమును జదివినవారిది. గ్రంథము వెలువడిన తరువాత విలసశాసనము సంపుటమున కెక్కినది, శాసనసంపుటములు పెరిగినవి, కవికాలములపై భారతి, ఆంధ్రసాహిత్యపరిషత్పత్రిక మొదలగువానిలో వెలువడిన వ్యాసములు పోగైనవి. గ్రంథము మాత్రము మరల మరల ముద్రితమగుచు వచ్చినది. పాఠశాలలోఁ జేరునది గ్రంథము. బీరువాలో నిలుచునది పత్రిక. అందుచేఁ బొరపాటు వేయిమందికిఁ దెలియును, దిద్దుబాటు పదిమందికిఁ దెలియును. పూర్వపత్రికలు పెక్కు నేఁడు ఛాయాప్రతులుగా సులభముగా లభించుచున్నవి గనుక, చూడలేదనుట కిఁక సాకు లేదు.

కావ్యమును సాక్షిగాఁ బిలుచువాఁడు నాలుగు ప్రశ్న లడుగవలయును. పాఠము శుద్ధమా? పకారమును వకారముగాఁ జదివిన లేఖకుఁడు వస్తువునే మార్చివేయఁగలఁడు. కాలము తెలిసినదా, తెలిసినచో మూలముయొక్క కాలమా యనుసరణముయొక్క కాలమా? కవి యీ మాట నెందుకుఁ జెప్పెను: వర్ణనము పూర్తిచేయుటకా, కథ నడచుటకా? దీనితో సంవదించునదియు, విసంవదించునదియు నెక్కడనున్నవి? ఈ నాలుగింటికిని సమాధానము వ్రాసికొని, ప్రతాపరెడ్డిగారి గ్రంథములోని యొక్క ప్రకరణమును మరలఁ జదువఁగోరు ఉపాధ్యాయునకు, ఆ గ్రంథ మిదివఱకు నిచ్చినదానికంటె నధికముగా నిచ్చును. కొన్ని వాక్యములు తొలఁగిపోవును. కొన్ని యొక యుగమునుండి వేఱొక యుగమునకు జరుగును. పెక్కులు మునుపటికంటె గట్టిగా నిలుచును. ఆ నిలిచినవానిని మాత్రమే విద్యార్థులకుఁ జెప్పుట ప్రతాపరెడ్డిగారికిఁ జేయు తక్కువ గాదు. ఆధారముల పట్టికను బ్రకరణాంతమున నిచ్చిన గ్రంథకర్త పాఠకునినుండి కోరిన దిదియే.